మోటబాయి పాట పాడిన నలుగురం

ఆ ఫోన్ వచ్చినప్పుడు నేను గోంగూర పప్పుకు తాలింపు పెడుతున్నాను. శంషాబాద్ బస్టాండుకు కాస్త ఇవతల నాకొక కర్రీ పాయింట్ ఉంది. పదకొండు దాటిందంటే గోదాముల్లో పనిచేసే పిల్లలూ, హోటళ్లలో డ్యూటీ దిగినవాళ్లూ వరుసగా వచ్చి నిలబడతారు. ఆ వేళలో నేను ఎవరి ఫోనూ ఎత్తను. తెర మీద పేరు చూసి ఎత్తాను. పెళ్లి ఆర్కెస్ట్రాల కాలంలో డ్రమ్స్ వాయించిన మనిషి అతను. ఇప్పుడు ఎయిర్‌పోర్టులో క్యాబ్ నడుపుతున్నాడు. ఏ పండగకో తప్ప ఫోన్ చేయడు.

"అక్కా, ఇయ్యాల పొద్దుగాల నా బండ్లె ఎవరు కూసున్నరో చెప్పుకో" అన్నాడు.

"పప్పు మాడుతున్నది తమ్మీ, నువ్వే చెప్పు" అన్నాను.

బెంగళూరు నుంచి దిగిన ఒక పెద్దమనిషి మైలార్‌దేవ్‌పల్లికి బండి మాట్లాడుకున్నాడట. దారిపొడుగునా అతని ఎడమచేతి వేళ్లు మోకాలి మీద ఒకచోట నొక్కుతూ, ఇంకోచోటికి జరుగుతూ ఉన్నాయట. అద్దంలో ఆ వేళ్లను చూసి మావాడు బండి పక్కకు ఆపేశాడు. "మీరు గిటార్ మాస్టారు కదా" అని అడిగాడు. అవును, ఆయనే. ఒకప్పుడు సిటీలోని పెద్ద ఆర్కెస్ట్రాకు ఆయనే ప్రాణం. కోస్తా నుంచి ఉద్యోగం మీద ఇక్కడికి వచ్చి, పగలు ఆఫీసూ సాయంత్రం గిటారుగా బతికిన మనిషి. రిటైరయ్యాక ఇంట్లో ఒక గదికి చుట్టూ స్పాంజీ కొట్టించుకుని, కంప్యూటర్ పెట్టుకుని, ఒక్కడే వాయించుకుని ఒక్కడే రికార్డు చేసుకుంటున్నాడట.

"మనమందరం కలిసి ఒక్క పాట చేద్దమంటున్నడక్కా. నువ్వు పాడాలె."

నేను నవ్వాను. నా గొంతును నేను విని ఎన్నో ఏళ్లయింది. పెళ్లికి ముందు, పెళ్లయ్యాక కొన్నాళ్లు జల్‌పల్లి వైపు ఒక ఆర్కెస్ట్రాలో పాడాను. పోస్టర్ల మీద నా ఫొటో కూడా వేసేవాళ్లు. తర్వాత డీజేలు వచ్చాయి, మా ఆర్కెస్ట్రా మూతపడింది, మావారు పోయారు. గరిటె పట్టుకున్నాను. గరిటెకు శ్రుతి అక్కర్లేదు.

"ఇంకెవరు?" అని మాత్రం అడిగాను.

అతను చెప్పిన నాలుగో మనిషి గురించి విన్నాక కాదనలేకపోయాను.

ఆయన శంషాబాద్ దాటి లోపలికి పోయే ఒక ఊళ్లో ఉండే రైతు. భజన బృందం పెద్ద. జానపదం కూడా పాడేవాడు. ఈ చుట్టుపక్కల ఏ ఊళ్లో బోనాలైనా, బతుకమ్మకు ముందు ఏ జాతరైనా ఆయన గొంతు వినబడకుండా గడిచేది కాదు. మైకు లేని రోజుల్లో పాడిన గొంతు. ఒకసారి ఒకే ఊళ్లో ఒక వీధిలో మా ఆర్కెస్ట్రా, పక్క వీధిలో ఆయన భజన పడ్డాయి. కాసేపటికి మా ముందు కూర్చున్న జనం ఒక్కొక్కరే లేచి అటు వెళ్లిపోయారు. చివరికి మా కీబోర్డు వాయించేవాడు కూడా వైర్లు పీకేసి అటే పోయాడు. ఆ రోజు నాకు ఏడుపొచ్చింది. ఆయన మీద కోపం మాత్రం రాలేదు.

అలా నలుగురం కలిశాం. నలుగురివీ నాలుగు బృందాలు, ఒకే ముహూర్తాలకు పోటీపడ్డ బృందాలు. అందరికీ తలలు నెరిశాయి. మొదటిసారి ఆ భజన పెద్ద ఇంటి దగ్గరే కూర్చున్నాం. ఒకప్పుడు బర్రెలు కట్టేసిన రేకుల షెడ్డు అది. ఇప్పుడు బర్రెలు లేవు. ఊడ్చి, నీళ్లు చల్లి, చాపలు పరిచి పెట్టింది వదిన. ఆయనను అన్నా అంటాను కాబట్టి ఆమె నాకు వదిన. చుట్టూ ప్లాట్ల రాళ్లు, మధ్యమధ్య కట్టీ కట్టని ఇళ్లు. ఆ షెడ్డు ఒక్కటే పాతది.

మాస్టారు గిటారు సర్దుకుంటూ, "మనం చేయబోయేది ఫోక్ రాక్ అండి. జానపదం మీదే, మీ పాటే, కాకపోతే వెనక గిటారు, డ్రమ్స్ రాక్ పద్ధతిలో నడుస్తాయి" అన్నాడు.

అన్న మాస్టారు ముఖంలోకే చూస్తూ శ్రద్ధగా విన్నాడు. తర్వాత నా వైపు తిరిగాడు. "రమ్మని పిలిచి, రాకు రాకు అంటడేంది చెల్లె ఈ సారు?"

షెడ్డంతా నవ్వింది. మాస్టారు కూడా కళ్లజోడు తీసి తుడుచుకుంటూ నవ్వాడు. ఆయన అంతగా నవ్వడం నేను మళ్లీ చూడలేదు.

ఏ పాట చేయాలన్నప్పుడు అన్న ఆలోచించలేదు. "నా మోటబాయి పాట" అన్నాడు. ఎడ్లతో మోట కట్టి నీళ్లు తోడిన బావి వాళ్ల పొలంలో ఉండేది. తాత తవ్వించినది. పొలాన్ని వాళ్లే కొంచెం కొంచెంగా అమ్ముకున్నారు. చివరి ముక్క కూడా పోయాక, కొన్నవాళ్లు ప్లాట్లు చేసేటప్పుడు బావిని మట్టితో పూడ్చేశారు. ఆ రోజు ఆయన గట్టు మీద నిలబడి చూశాడట. ఇంటికి వచ్చేసరికి పాట కట్టాడు. భజనల్లో అప్పుడప్పుడు పాడేవాడు కానీ, దేవుడి పాటలడిగే జనం దాన్ని ఎప్పుడూ అడగలేదు.

ఒక ఆడగొంతు బావిని అడుగుతుంది. బావి జవాబు చెబుతుంది.

"మోటబాయీ మోటబాయీ, నీ ఊట యేడబాయె?"

"యేడికీ పోలే బిడ్డా, మన్ను కప్పుకొని పండుకున్న."

"మోటబాయీ మోటబాయీ, నీ సప్పుడెందుకు లేదే?"

"నా మీద నడిసెటోళ్లకు నా సప్పుడినబడదు బిడ్డా."

అడిగే గొంతు నాది. బావి గొంతు ఆయనది. చివరి చరణంలో మాత్రం అడిగేవాళ్లు ఉండరు, బావి ఒక్కటే పాడుతుంది. ఆయన దాన్ని చాప మీద కూర్చుని పాడి వినిపించినప్పుడు డ్రమ్స్ తమ్ముడు చేతిలోని పుల్లలు పక్కన పెట్టేశాడు. మాస్టారు చాలాసేపు గిటారు ముట్టలేదు.

నెల దాకా అక్కడే మాటలకూ తాళానికీ ప్రాక్టీసు చేశాం. శ్రుతి సంగతి గదిలో చూసుకుందామన్నాడు మాస్టారు. ఆ ఊరు సరిగ్గా విమానాల దారి కింద ఉంది. నెత్తి మీద విమానం పోతుంటే మాట ఆపి, పోయాక అదే మాటను అందుకోవడం మా ప్రాంతంలో చిన్నపిల్లలకూ అలవాటే. మేం ముగ్గురం అలాగే చేయి ఎత్తి ఆగేవాళ్లం. అన్న మాత్రం ఆగేవాడు కాదు. కళ్లు మూసుకుని పాడుకుంటూ పోయేవాడు. "విమానానికి గూడ దారియ్యడు మా అన్న" అని తమ్ముడు అంటే నవ్వుకునేవాళ్లం.

రికార్డింగ్ మైలార్‌దేవ్‌పల్లిలో, మాస్టారి గదిలో మొదలైంది. ఎవరి పని వాళ్లం విడివిడిగా చేయాలి. ముందు గిటార్లు, డ్రమ్స్ చేశారు. తర్వాత నేను హెడ్‌ఫోన్స్ పెట్టుకుని ప్రశ్నలన్నీ పాడాను. తర్వాత అన్నను కూర్చోబెట్టారు.

మొదటి పంక్తికే మాస్టారి నొసలు ముడిపడింది. అన్న గొంతు గిటారు పక్కనే నడుస్తోంది కానీ గిటారు మీద నిలబడటం లేదు. రెండో పంక్తికి ఇంకా పక్కకు జరిగింది. మాస్టారు ఆపి, "ఇంకోసారి చేద్దామండి" అన్నాడు. అన్న తలూపాడు. మళ్లీ అదే. హెడ్‌ఫోన్స్ మార్చారు, సౌండ్ పెంచారు, తగ్గించారు. మంచినీళ్లు తాగించారు. మరో రోజు చేద్దామనుకున్నారు. మరో రోజూ అలాగే ఉంది. పాడటం అయ్యాక ప్రతిసారీ అన్న మా ముఖాలవైపు చూసేవాడు, ఎలా వచ్చిందని. మేం నవ్వేవాళ్లం. ఆయనా నవ్వేవాడు.

ఆయనను బస్సెక్కించి వచ్చాక మాస్టారు తలుపు దగ్గరగా వేశాడు.

"ఏంచేద్దాం చెప్పండి. వయసైపోయింది, శ్రుతి నిలవడం లేదు. ఆయన్ని తప్పుపట్టలేం. కానీ పాట పోతుంది" అన్నాడు. తర్వాత నావైపు తిరిగి, "బావి గొంతు కూడా మీరే పాడి చూడండమ్మా" అన్నాడు.

తమ్ముడు కిటికీ బయటకు చూస్తున్నాడు.

నేను పాడాను. అయ్యో వద్దని అనలేదు, బతిమాలించుకోలేదు. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని, కళ్లు మూసుకుని, చివరి చరణంతో సహా పాడాను. మాస్టారు స్పీకర్లలో వినిపించాడు. బాగుంది. నిజంగా బాగుంది. గరిటె పట్టుకున్న ఇన్నేళ్లలో నా గొంతు ఎక్కడికీ పోలేదని తెలిసింది. ఆ పాట నాదైతే బాగుండునని అప్పుడే, అక్కడే అనిపించింది.

"అన్నకు ఎవరు చెప్తరు?" అన్నాడు తమ్ముడు.

"నేను పోయి చెప్త" అన్నాను.

మర్నాడు మధ్యాహ్నం దుకాణం కట్టేసి ఆటో ఎక్కాను. దారిలో మాటలు సర్దుకున్నాను. అన్నా, నీ పాటే, నీ పేరే ఉంటుంది, గొంతు మాత్రం నాది పెడదామంటున్నారు. ఇలా మొదలుపెట్టి ఎలాగో ముగించాలనుకున్నాను.

వాకిట్లో వదిన చాటలో అనపకాయలు వలుస్తోంది. అన్న కుర్చీలో కూర్చుని ఉన్నాడు. నన్ను చూసి ఎంతో సంబరపడ్డాడు. పాట బయటికొచ్చాక పాత భజన బృందాన్నంతా పిలిచి వినిపిస్తానని, ఫలానా ఊళ్లో ఫలానా మనిషి బతికే ఉన్నాడని చెబుతున్నాడు. నేను కూడా కాయలు అందుకుని వలుస్తూ ఏదో అనబోయాను. అంతలో విమానం వచ్చింది. బాగా కిందుగా, రేకులు అదిరేలా పోతోంది. నేను సగం మాటలో ఆగిపోయాను. వదిన చేతిలోని కాయను అలాగే పట్టుకుని ఆగింది. ఆయన మాత్రం మాట్లాడుతూనే ఉన్నాడు. గొంతు పెంచలేదు, ఆకాశంవైపు చూడలేదు. పెదాలు కదులుతున్నాయి, నవ్వుతున్నాడు, మాట ఒక్కటీ మాకు అందడం లేదు.

విమానం పోయింది. నేను వదినవైపు చూశాను. ఆమె తల దించుకుని కాయలు వలవసాగింది.

చాయ్ పెడతానని లోపలికి పోతే వెంట వెళ్లాను.

"వదినా, ఎప్పటి సంది?"

ఆమె స్టవ్ వెలిగించి, గిన్నె పెట్టి, అప్పుడు చెప్పింది. "రెండేండ్లు దాటింది. ముందుగాల ఎనక నుంచి పిలిస్తే పలుకకపోతుండె. నా మీద కోపానికొచ్చిండేమో అనుకున్న. ఒకనాడు నేను బజారుకు పోయొచ్చేసరికి కుక్కర్ మాడి ఇల్లంత పొగ. పక్కనే కూసున్నడు, కూతలు ఇనబడలే. గప్పుడు ఎర్కైంది."

"దవాఖానకు పోవద్దా మరి?"

"అడిగితే నాకేమైంది అంటడు. మనిషి మొకం జూసి మాట అందుకుంటడు. నలుగురు మాట్లాడుతుంటే నవ్వుకుంట తలూపుతడు. నేను గూడ ఎవరికి చెప్పలే. చెవులు పోయినయని అందరికీ తెలిస్తే పాటకు ఎవరు పిలుస్తరు? పాటకు పిలువకుంటే పొద్దుందాక గీ కుర్చీల కూసోని ఏం జేస్తడు?"

పాలు పొంగుతుంటే దించింది. నా చేతికి గ్లాసులు ఇచ్చింది.

నేను బయటికి వచ్చేసరికి అన్న నా కోసమే చూస్తున్నాడు. "చెల్లె, నువ్వు ఉత్తగ రాలే. ఏదో చెప్పనీకే వచ్చినవ్. చెప్పు" అన్నాడు.

నేను దగ్గరికి జరిగి మెల్లగా మొదలుపెట్టాను. ఆయన నా పెదాలవైపు చూశాడు. నేను తల వంచుకుని చెబుతున్నాను కాబట్టి అందలేదు.

"గట్టిగ చెప్పు" అన్నాడు.

ఇంకొంచెం పెంచాను.

"ఇంకా గట్టిగ చెప్పు చెల్లె, జర గట్టిగ."

అప్పుడు అరిచాను. "అన్నా, నీకు సక్కగ ఇనబడ్తలేదు. పాట శ్రుతి తప్పుతున్నది."

పక్కింటి డాబా మీద బట్టలు ఆరేస్తున్న ఆమె తిరిగి చూసింది. గొంతు తగ్గించి చెప్పాల్సిన మాట అది. దాన్ని వీధి వీధంతా వినేలా అరవాల్సి వచ్చింది. నా జీవితంలో నా గొంతు మీద నాకు అసహ్యం వేసింది ఆ ఒక్కసారే.

అన్న చాయ్ గ్లాసును రెండు చేతుల మధ్య పట్టుకున్నాడు. వదిన గడప దగ్గరే నిలబడిపోయింది.

"చెవులు పోతున్నయని నాకు ఎర్కే" అన్నాడు చివరికి. "పాట గూడ పోయిందని ఎర్కలే. నాకైతే లోపల మంచిగనే ఇనబడ్తున్నది."

చాయ్ గ్లాసు కింద పెట్టాడు.

"మరైతే నువ్వు పాడు చెల్లె. పాట ఆగొద్దు. నీ గొంతు మంచిది. నేను ఎప్పటి సందో ఇంటున్న కదా" అన్నాడు.

ఆ మాట అడగడానికే వెళ్లాను. అడగకుండానే ఇచ్చాడు. తీసుకుని ఆటో ఎక్కాను కానీ, దుకాణానికి వచ్చాక ఆ సాయంత్రం ఏ కూరలో ఉప్పు వేశానో, ఏ కూరలో వేయలేదో గుర్తులేదు.

తమ్ముడికీ మాస్టారికీ సంగతి చెప్పాను. తమ్ముడు ఊరుకోలేదు. ఆ వారమే తన బండిలో అన్నను దవాఖానకు తీసుకెళ్లాడు. పరీక్షలు చేసి, చెవులకు మిషన్లు పెట్టారు. మాట కొంచెం అందుతోంది అన్నాడు అన్న. అందరం సంతోషించాం. మాస్టారు గిటారు తెచ్చి ఆయన ముందు వాయించాడు. అన్న కాసేపు విని, మిషన్లు తీసి వదిన చేతిలో పెట్టాడు.

"మాటకు పనికొస్తయి సారు. పాటకు రావు. రేకుల మీద రాళ్లు వోసినట్టున్నది" అన్నాడు.

మాస్టారు ఆ రోజు గిటారు సర్దుకుని వెళ్లిపోయాడు. ఆయన తక్కువ మాట్లాడే మనిషి. మనసులో ఏముందో పైకి తెలియదు. వారం తర్వాత మమ్మల్నిద్దరినీ గదికి పిలిచాడు. అన్న పాడిన పాత రికార్డింగులు తీసేయలేదట. రోజూ వింటున్నాడట.

"గిటారూ డ్రమ్సూ పూర్తిగా తీసేసి, ఆయన గొంతు ఒక్కటే వినండి" అని వినిపించాడు.

విన్నాం. గొంతు ఒంటరిగా ఉంటే తప్పు కనబడలేదు. ఒక పంక్తి నుంచి ఇంకో పంక్తికి ఆయన తన దారిలో తాను సరిగ్గానే నడుస్తున్నాడు. ఎక్కడెక్కడ తడబడ్డాడంటే, హెడ్‌ఫోన్స్‌లో మా వాయిద్యం వినడానికి ప్రయత్నించిన చోట. వినబడీ వినబడనిదాన్ని పట్టుకోబోయి జారిపోయాడు.

"మనం ముందు వాయించేసి, దాని మీద పాడమన్నాం. అది ఆయనకు కుదరదు. ముందు ఆయన్ని పాడనిద్దాం. ఏ వాయిద్యమూ వద్దు, హెడ్‌ఫోన్స్ వద్దు. ఆయన ఎక్కడ ఎత్తుకుంటే అక్కడికి నేను గిటారు సర్దుకుంటాను. మనం వెనక నుంచి వెళ్దాం" అన్నాడు మాస్టారు. నావైపు తిరిగాడు. "మీరు పాడింది చాలా బాగుందమ్మా. నేను అబద్ధం చెప్పను."

"నాకు ఎర్క మాస్టారూ" అన్నాను. "అన్ననే పాడనియ్యండి."

ఆ మాట అన్నానే కానీ చివరి చరణం నా నోట్లో ఆడుతూనే ఉంది. గిన్నెలు తోముతూ కూడా అదే పాడుకుంటున్నాను. ఇష్టమైనదాన్ని వదులుకోవడం మంచిపనే అయినా సులువు మాత్రం కాదు. కొన్నాళ్లపాటు ఆ చరణాన్ని తలచుకోకుండా ఉండటానికి పాత ఆర్కెస్ట్రా పాటలేవో తెచ్చిపెట్టుకుని పాడుకున్నాను.

అన్నను ఒప్పించడం అంతకన్నా కష్టమైంది. "వద్దు. నవ్వులపాలైతా" అన్నాడు. తమ్ముడు ఆయన ఎదురుగా బాసింపట్టు వేసుకుని కూర్చుని, మెల్లగా, పెదాలు స్పష్టంగా కదుపుతూ, "అన్నా, నువ్వు మాకోసం పాడకు. బాయికాడ నిలవడి పాడినట్టు పాడు. మిగతా పరేషాన్ మాది" అన్నాడు.

రికార్డింగ్ మాస్టారి గదిలో కాదు, ఆ రేకుల షెడ్డులోనే పెట్టాం. పొద్దున, ఎండ ఇంకా ముదరని వేళ. వదిన షెడ్డు చుట్టూ దుప్పట్లు కట్టింది. మాస్టారు మైకు నిలబెట్టాడు. నేను ఆయన ఎదురుగా నిలబడి నా ప్రశ్నలను గొంతు లేకుండా పెదాలతో మాత్రమే అడగాలి, ఆయన జవాబు పాడాలి. తమ్ముడు పక్కన నిలబడి చేత్తో తాళం చూపిస్తాడు. విమానం వస్తే నేను చేయి ఎత్తుతాను, ఆయన ఆగాలి. అలా అనుకున్నాం.

మొదటి రెండుసార్లు విమానాల వల్లే పోయాయి. మూడోసారి ఆయన కళ్లు మూసుకున్నాడు.

మూసుకున్నాక ఇంక నా పెదాలు చూడలేదు, తమ్ముడి చేయి చూడలేదు. ప్రశ్న ఎంతసేపు పడుతుందో అంతసేపు ఆగి జవాబు అందుకున్నాడు. ఆ గొంతులో పాత బలం లేదు. అంచులు అరిగిపోయాయి. కానీ "మన్ను కప్పుకొని పండుకున్న" అన్నప్పుడు నా కాళ్ల కింద నేల ఉందో లేదో చూసుకోవాలనిపించింది. రెండో చరణం మధ్యలో విమానం వచ్చింది. నేను చేయి ఎత్తాను. ఎత్తి ఏం లాభం, ఆయన కళ్లు మూసుకుని ఉన్నాడు. మాస్టారు నావైపు చూసి తల అడ్డంగా ఊపాడు, ఆపొద్దని. విమానం వచ్చింది, పోయింది. ఆయన పాడుతూనే ఉన్నాడు. చివరి చరణం అయ్యాక కళ్లు తెరిచి మా ముఖాలవైపు చూశాడు.

ఈసారి మేం నవ్వలేదు. తమ్ముడు దగ్గరికి వెళ్లి ఆయన భుజం మీద చేయి వేశాడు. ఆయనకు అర్థమైంది.

మాస్టారు దాని మీద నెలల తరబడి పనిచేశాడు. అన్న గొంతు ఎక్కడ కిందికి దిగితే అక్కడ గిటారు దింపాడు, ఎక్కడ సాగితే అక్కడ తమ్ముడు తాళం సాగదీశాడు. నేను నా ప్రశ్నలను మళ్లీ పాడాను, ఆయన శ్రుతికి సరిపోయేలా. విమానం చప్పుడు పూర్తిగా పోలేదు. గొంతు పోకుండా దాన్ని తీయడం కుదరదన్నాడు మాస్టారు. గిటారు హోరుతో కొంత కప్పాడు.

పాట నెట్‌లో పెట్టాం. పాత ఆర్కెస్ట్రావాళ్లు, భజనవాళ్లు ఒకరికొకరు పంపుకున్నారు. నాలుగు బృందాల పెద్దలు కలిసి చేసిన పాట అని వాళ్లే రాసుకున్నారు. మేం ఊహించినంత దూరం పోలేదు, ఆగిపోనూ లేదు. జల్‌పల్లిలో ఒక బడి వార్షికోత్సవానికి పిలిచి పాడించారు. స్టేజీ మీద అన్న పాడనన్నాడు. "అందరి ముందట ఎనకాముందు అయితే మీకు కష్టం" అన్నాడు. ఆయన మాట ఆయనది, మేం బలవంతపెట్టలేదు. అక్కడ బావి గొంతు కూడా నేనే పాడాను. అన్న ముందు వరుసలో కూర్చుని నా పెదాలవైపు చూస్తూ, ఒడిలో చేయి పెట్టుకుని తాళం వేశాడు. నేను కోరుకున్నదే దొరికింది. అయినా పాడుతున్నంతసేపూ ఎప్పుడైపోతుందా అనిపించింది.

కిందికి దిగాక దగ్గరికి పిలిచాడు. "చెల్లె, ఒక్కటి అడుగుత, నిజం చెప్పాలె. ఆ రికార్డుల నేనెట్ల పాడిన? ఆళ్లను అడిగితే మంచిగుందనే అంటరు. నేను ఇనుకోలే కదా."

నేను ఆయన ఎదురుగా కూర్చున్నాను. "రెండో చరణంల జర కిందికి దిగినవన్నా. ఆఖరుదాంట్ల ఊపిరి సాలలే. మిగతాది నీ లెక్కనే ఉన్నది. నేను గట్ల పాడలేను" అన్నాను. ఒక్కో మాటా విడివిడిగా.

ఆయన ముఖం తేలికపడింది. పొగిడినందుకు కాదు, తప్పులు చెప్పినందుకు. "గట్ల చెప్పు" అన్నాడు. "గిప్పుడు నమ్మిన."

తర్వాత ఆయన మళ్లీ రికార్డింగుకు కూర్చోలేదు. కొత్త పాటలు కడుతున్నాడు. మేం ముగ్గురం ఆదివారాలు వెళ్తాం. ఆయన మాటలు చెబుతాడు, బాణీ చేత్తో గాలిలో చూపిస్తాడు. మేం పట్టుకుంటాం. మిషన్లు పెట్టుకుంటున్నాడు ఇప్పుడు, మాటల వరకు.

మొన్నొక రోజు మధ్యాహ్నం రద్దీ తగ్గాక వదిన ఒక్కతే నా దుకాణానికి వచ్చింది. ఏదో సామానుకు శంషాబాద్ వచ్చిందట. స్టూలు వేసి కూర్చోబెట్టాను. కొంగుతో ముఖం తుడుచుకుని, కాసేపు అటూ ఇటూ మాట్లాడి, అప్పుడు అడిగింది.

"ఆ పాట నీ ఫోన్ల ఉన్నదా? ఒకపారి పెట్టు. ఇంట్ల పెట్టుకుంటే ఆయన మొకం జూడలేకపోతున్న. ఆయనకు ఇనబడది, నేను ఇంటున్నట్టు ఎర్కైతది."

ఫోన్ ఆమె చేతికిచ్చి పాట పెట్టాను. ఆమె దాన్ని చెవికి ఆనించుకుని, రోడ్డువైపు ముఖం తిప్పుకుని కూర్చుంది. బస్సులు, ఆటోలు, క్యాబులు పోతున్నాయి. పాటంతా విన్నది. అయిపోయాక ఫోన్ నాకు తిరిగి ఇవ్వలేదు.

"మల్లొకపారి పెట్టు" అంది.

పెట్టాను. ఎవరో కుర్రాడు పప్పు కావాలని వచ్చాడు. వాడికి చేత్తో ఆగమని సైగ చేసి, పాట అయిపోయేదాకా నేను కూడా నిలబడ్డాను. తర్వాత ఆమె లేచి, సంచి సర్దుకుని, ఆయనకిష్టమని కాకరకాయ వేపుడు కట్టించుకుంది. వద్దన్నా వినకుండా ఖాళీ గిన్నె ఒకటి కడిగిపెట్టి, ఆటో కోసం రోడ్డు దాటింది.